రెండు దంతపురాల నడుమ ఖరగ్‌పూర్

ధమ్మదీక్ష స్వీకరించిన నాటి నుండి మన ఊరిలో మనకు ఎదురయ్యే ప్రశ్న ఒకటి ఉన్నది. "మీరు ఆంధ్రదేశం నుండి పొట్ట చేత పట్టుకొని వచ్చినవారు. ఇది రైల్వే ఊరు. బుద్ధుడికీ ఈ ఊరికీ సంబంధమేమిటి? ఆ సంగతి నాగపూరు వారిది కదా!" అని బంధువులే అడుగుతారు. దీనికి మనవారిలో కొందరు మౌనం వహిస్తారు. మరికొందరు ఆవేశంలో, ఇక్కడి ప్రతి గుడి కిందా ఒక విహారం ఉన్నదని వాదిస్తారు. మౌనంతో మనకు మేలు జరగదు, ఆధారం లేని వాదంతో అంతకంటె జరగదు. ఈ ఊరి చరిత్రలో నిలిచే సాక్ష్యం ఎంత ఉన్నదో, ఎక్కడ ఉన్నదో చూడడమే ఈ వ్యాసంలో నా ప్రయత్నం.

ఖరగ్‌పూర్ పేరుకు ఊరివారు చెప్పే మూలం ఇందా ప్రాంతంలోని ఖర్గేశ్వర ఆలయం. పీర్ లోహానీ సమాధి కూడా ఇక్కడి పాత ఆనవాళ్లలో ఒకటి. ఈ రెండూ తప్ప, 19వ శతాబ్దం చివరి వరకు ఇది ఎర్ర కంకర నేలతో, సాల చెట్లతో నిండిన మెట్ట ప్రాంతం. తూర్పున బెంగాలు పల్లపు పొలాలు, పడమట ఛోటానాగపూర్ వైపు ఎగసిపోయే మిట్టలు, దక్షిణాన సువర్ణరేఖ దాటితే ఒడ్ర దేశం. కొండ ఊరు కాకపోయినా ఇది సరిహద్దు ఊరే. మూడు నేలలు, మూడు భాషలు కలిసే చోటు గనుకనే రైలు మార్గాలు వేసినవారు కూడలికి దీనిని ఎన్నుకొన్నారు. వరదలు ముంచని గట్టి నేల కావడం మరొక కారణం.

బెంగాల్ నాగపూర్ రైల్వే కంపెనీ 1887లో ఏర్పడినది. 1898–1900 సంవత్సరాల మధ్య కటకం, సీనీ, కోలాఘాట్ దిశల నుండి మార్గాలు వచ్చి ఖరగ్‌పూర్‌లో కలిసినవి. రూపనారాయణ నదిపై కోలాఘాట్ వంతెన 1900లో పూర్తికావడంతో హౌరాకు నేరు దారి ఏర్పడినది. దక్షిణాన వాల్తేరు–కటకం మార్గం తొలుత ఈస్ట్ కోస్ట్ స్టేట్ రైల్వేలో ఉండి, 1902లో బి.ఎన్.ఆర్. కిందికి వచ్చినది. వాల్తేరు నుండి ఖరగ్‌పూర్‌కు సుమారు 760 కిలోమీటర్లు. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్టణం, గంజాం ప్రాంతాల పేద కుటుంబాలు కూలికి, కొలువుకు ఈ దారి పట్టి వచ్చినవి. నిమ్‌పురా, మథురాకాటి, ఓల్డ్ సెటిల్‌మెంట్, న్యూ సెటిల్‌మెంట్ వంటి పేర్లు మన ఇళ్లలో తెలుగు మాటలైపోయినవి. వర్క్‌షాపు సైరనే ఈ ఊరి గడియారమైనది.

ఆ రైల్వే కాలనీ నిర్మాణం ఒక్కసారి కాలినడకన చూస్తే చాలు, కంపెనీ వారి సామాజిక శాస్త్రం అర్థమవుతుంది. దొరల బంగళాలు వేరు, ఆంగ్లో ఇండియన్ల వీధులు వేరు, గుమాస్తాల క్వార్టర్లు వేరు, కూలీల వరుసలు వేరు. కంపెనీ దొర జాతిని బట్టి గీసిన గీతల లోపల, మనవారు వెంట తెచ్చుకొన్న కులం మరికొన్ని గీతలు గీసినది. రైలుబండి అందరినీ ఒకే పెట్టెలో కూర్చోబెట్టినది గాని ఒకే కొళాయి దగ్గర నిలబెట్టలేదు.

ఈ సంగతిని బాబాసాహెబ్ అంబేడ్కర్ మనకంటె ముందే గ్రహించారు. 1938 ఫిబ్రవరిలో మన్మాడ్‌లో జరిగిన జి.ఐ.పి. రైల్వే అణగారిన వర్గాల కార్మికుల సభలో ఆయన అధ్యక్షోపన్యాసం చేశారు. కార్మికులకు బ్రాహ్మణవాదం, పెట్టుబడిదారీ విధానం అనే ఇద్దరు శత్రువులున్నారని ఆయన చెప్పిన సభ అదే. అంతగా ప్రచారం పొందని భాగం ఒకటి ఆ ఉపన్యాసంలో ఉన్నది. రైల్వేలో అంటరానివారు ఎక్కువమంది గ్యాంగ్‌మన్లుగానే ఎందుకు మిగిలిపోతున్నారు? పోర్టరును స్టేషను మాస్టరు తన ఇంటి పనికి కూడా వాడుకొంటాడు గనుక, ఇంట అడుగుపెట్టనీయరాని మనిషిని పోర్టరుగా తీసుకోడు. వర్క్‌షాపులలో కూడా నైపుణ్యం గల పనులకు వారిని రానీయరు. ఇదీ ఆయన వివరణ. ఆయన మాట్లాడినది పడమటి రైల్వే గురించి. అయితే మన తాతలు గ్యాంగులో చేరి గ్యాంగులోనే పదవీ విరమణ చేసిన కథ తెలిసినవారికి ఆ వివరణ పరాయిదిగా తోచదు.

కార్మికుడిగా ఈ ఊరు పోరాడినది కూడా. 1927లో ఖరగ్‌పూర్ వర్క్‌షాపు కార్మికుల సమ్మె దేశమంతటా వినిపించినది. ఆ రోజులలో బి.ఎన్.ఆర్. కార్మికోద్యమానికి నాయకత్వం వహించిన వారిలో తెలుగువారైన వి.వి. గిరి ముఖ్యులు, తరువాత ఆయన రాష్ట్రపతి అయ్యారు. ఊరికి ఆనుకొని ఉన్న హిజ్లీలో 1930లో నిర్బంధ శిబిరం తెరిచారు. 1931 సెప్టెంబరు 16న అక్కడి నిరాయుధ ఖైదీలపై జరిగిన కాల్పులలో సంతోష్ కుమార్ మిత్ర, తారకేశ్వర్ సేన్‌గుప్త మరణించారు. ఆ భవనంలోనే 1951లో దేశపు తొలి ఐ.ఐ.టి. తరగతులు మొదలైనవి. మన స్టేషను ప్లాట్‌ఫారం 1072 మీటర్లకు పైగా పొడవు. గోరఖ్‌పూర్, ఆ తరువాత హుబ్బళ్లి దానిని దాటే వరకు ప్రపంచంలో అతి పొడవైన ప్లాట్‌ఫారం మాదేనని ఇక్కడి పిల్లలందరూ చెప్పుకొనేవారు. చూడవచ్చే బంధువులకు మనం చూపించేవి ఇవే. కాని మనకు నిజంగా కావలసిన ఆనవాలు దక్షిణ దిశగా సుమారు 50 కిలోమీటర్ల దూరంలో ఉన్నది.

బాలాసోరు వైపు వెళ్లే రైలు మార్గం, 16వ జాతీయ రహదారి ఇంచుమించు పక్కపక్కనే సాగుతాయి. పూర్వం పూరీ యాత్రికులు నడిచిన జగన్నాథ సడక్ కూడా ఈ దిశలోనిదే. బెల్దా దాటిన తరువాత నేకుర్‌సేని, ఆపైన దంతన్. దంతన్ తరువాత కొద్ది దూరంలోనే ఒడిశా సరిహద్దు. ప్రాచీన కాలంలో ఈ సీమను దండభుక్తి అన్నారు. 7వ శతాబ్దపు శశాంకుని కాలం నాటి మేదినీపురం తామ్ర శాసనాలలో ఆ పేరు కనిపిస్తుంది. 11వ శతాబ్దంలో రాజేంద్ర చోళుని సేన ఉత్తరాదికి నడిచినప్పుడు జయించిన దేశాల పట్టికలో, తిరుమలై శాసనంలో, మళ్లీ కనిపిస్తుంది. దక్షిణాది నుండి సేనలు వచ్చినా, యాత్రికులు వచ్చినా, కూలీలు వచ్చినా దారి ఇదే.

ఈ దంతన్ సమీపంలో మొఘల్‌మారి అనే గ్రామం ఉన్నది. 1575లో అక్బరు సేనలకూ దావూద్ ఖాన్ కర్రానీకీ తుకరోయి వద్ద జరిగిన యుద్ధంలో మొఘలులు అధికంగా మడిసినందున ఆ పేరు వచ్చినదని చాలాకాలంగా చెప్పుకొంటున్నారు. ఊరిలో ఒక పెద్ద మట్టి దిబ్బ. దానిని సఖీసేన దిబ్బ అనేవారు. సఖీసేన అనే రాజకుమార్తె చదువుకొన్న పాఠశాల అక్కడ ఉండేదని జానపద కథ. దిబ్బ మీద గ్రామ యువకుల సంఘం భవనం ఉండేది. తవ్వితే చాలు మంచి ఇటుకలు దొరికే చోటు కాబట్టి ఊరివారు ఇళ్లకు వాడుకొన్నారు. మనలో ఎవరున్నా అదే చేసేవారం.

2003–04లో కలకత్తా విశ్వవిద్యాలయపు పురావస్తు ఆచార్యులు అశోక్ దత్తా అక్కడ తవ్వకాలు ప్రారంభించారు. 2012లో ఆయన మరణించే వరకు విడతలు విడతలుగా ఆ పని సాగినది. తరువాత రాష్ట్ర పురావస్తు శాఖ 2013 నుండి 2016 వరకు కొనసాగించినది. మట్టి కింద బయటపడినది ఒక బౌద్ధ మహావిహారం. క్రీస్తు శకం 6వ శతాబ్దం నుండి 12వ శతాబ్దం వరకు అక్కడ నిర్మాణాలు జరిగినట్లు పొరలు చెబుతున్నవి. నగిషీ ఇటుకల గోడలు, గోడల మీద సున్నపు గచ్చుతో మలచిన బొమ్మలు, భిక్షువుల గదులు, ప్రదక్షిణ పథం, బౌద్ధ ధర్మ సూత్రం ముద్రించిన కాల్చిన మట్టి ఫలకాలు దొరికినవి. 2016 జనవరిలో ఒక్కచోటనే సుమారు 95 కంచు వస్తువులు బయటపడినవి. వాటిలో బుద్ధ, బోధిసత్వ ప్రతిమలు ఉన్నవి.

అన్నిటికంటె విలువైనవి చేతి వేలంత మందం కూడా లేని మట్టి ముద్రికలు. వాటి మీది అక్షరాల వలన ఆ విహారం పేరు శ్రీ వందక మహావిహారమని తెలిసినది. మరొక ముద్రికలో ముగలాయిక విహారమనే పేరు వచ్చినది. మొఘల్‌మారి అనే పేరులో ముగలాయిక అనే పాత పేరే మిగిలి ఉండవచ్చునని కొందరు పండితుల అభిప్రాయం. అది నిజమైతే, నాలుగు వందల ఏళ్లుగా ఊరివారు యుద్ధపు పేరుగా భావించి పలుకుతున్నది ఒక సంఘారామం పేరు. అభిప్రాయమే గాని నిర్ధారణ కాదు. అయినా మన కార్యకర్తలు ఉపన్యాసాలలో చెప్పే పెద్ద పెద్ద మాటలన్నిటి కంటె ఈ చిన్న సందేహమే నన్ను ఎక్కువ ఆలోచింపజేసినది.

ఇంకొక సంగతి కూడా ఇక్కడ చెప్పుకోవాలి. గౌడ రాజైన శశాంకుడు బోధివృక్షాన్ని నరికించాడని హుయాన్‌త్సాంగ్ వ్రాశాడు. మన సభలలో శశాంకుని పేరు శత్రువు పేరుగానే వినిపిస్తుంది. దంతన్‌లోని శరశంక అనే అతి విశాలమైన చెరువును ఆ రాజే తవ్వించాడని స్థానికులు అంటారు. ఆయన ఏలుబడిలోని దండభుక్తిలోనే, ఆయన చెరువుకు సమీపంలోనే, ఈ విహారం ఆ శతాబ్దంలోనూ తరువాతా నిలిచి ఉన్నది. ఇది శశాంకుని నిర్దోషిగా తేల్చే సాక్ష్యం కాదు. విహారాలు అంతరించిన కారణం ఒక్క రాజు కత్తి అని సులువుగా చెప్పడానికి వీలులేదని మాత్రం ఇది మనకు తెలియజేస్తున్నది.

ఇక దంతన్ అనే పేరు. చైతన్య మహాప్రభువు పూరీకి పోతూ ఇక్కడ పంటిపుల్ల వేసుకొన్నాడు గనుక ఆ పేరని వైష్ణవుల ఐతిహ్యం. బుద్ధ భగవానుని దంతధాతువును ప్రతిష్ఠించిన దంతపురం ఇదేనని మరొక వాదం. మనవారికి రెండవదే ప్రియమైనది, ఆశ్చర్యం లేదు. 13వ శతాబ్దంలో సింహళంలో ధమ్మకిత్తి రచించిన పాలీ కావ్యం దాఠావంసం ఈ దంతధాతువు కథ చెబుతుంది. కళింగరాజధాని దంతపురంలో పూజలందుకొంటున్న ధాతువుకు శత్రువుల వలన ఆపద వచ్చినప్పుడు, రాజు గుహశివుడు దానిని కుమార్తె హేమమాలకు అప్పగించాడు. ఆమె ధాతువును తన కొప్పులో దాచి, భర్త దంతకుమారునితో కలిసి మారువేషంలో తామ్రలిప్తి రేవు చేరి ఓడ ఎక్కినది. సింహళంలో సిరిమేఘవణ్ణుడు రాజ్యం చేస్తున్న 4వ శతాబ్దంలో ధాతువు ఆ ద్వీపం చేరినది.

ఆ దంతపురం ఏది? దంతన్‌తో పాటు పూరీని కూడా కొందరు సూచించారు. శ్రీకాకుళం జిల్లాలో ఆమదాలవలసకు సమీపాన, సరుబుజ్జిలి మండలంలో, మట్టి కోటగోడలతో ఉన్న దంతవరపుకోట మరొకటి. దానినే దంతవక్త్రుని కోట అంటారు. పాత తూర్పు గంగరాజుల తామ్ర శాసనాలు కొన్ని దంతపురం నుండే జారీ అయినవి, ఆ రాజుల దేశం వంశధార పరిసరాలే. వంశధార ఒడ్డునే శాలిహుండం స్తూపాలున్నవి. కనుక పేరు పోలికను పక్కనబెట్టి సాక్ష్యాలను తూచితే మొగ్గు శ్రీకాకుళం వైపే ఉన్నదని నా అభిప్రాయం. దంతన్‌ను దంతపురమని బోర్డు వ్రాయించాలని ఉత్సాహపడే మిత్రులకు ఇది రుచించకపోవచ్చును. కాని ఒక్కమాట ఆలోచించండి. మన తాతలు ఏ తాలూకాల నుండి ఖరగ్‌పూర్ వచ్చారు? దంతపురమని చెప్పదగిన ఒక చోటు పక్కన పుట్టి, అదే వాదమున్న మరొక చోటు పక్కన పట్టాలు వేశారు. హేమమాల బయలుదేరినది వంశధార నుండే అయితే, తామ్రలిప్తికి పోయే ఆమె దారి ఇంచుమించు మన దారే. కొప్పులో ధాతువుతో ఆమె నడిచిన తీరాన, శతాబ్దాల తరువాత, నెత్తిన మూటలతో మన ముత్తవ్వలు రైలు ఎక్కారు.

ఆ దారి పొడవునా ఉన్నవి చూడండి. అనకాపల్లి వద్ద శంకరంలో బొజ్జన్నకొండ. ఆ పేరు బుద్ధుని కొండ అని పెద్దలంటారు. విశాఖ సముద్రతీరాన తొట్లకొండ, బావికొండ. విజయనగరం సమీపాన రామతీర్థం గురుభక్తులకొండ. ఆపైన శాలిహుండం. దీనిని 1919లో వెలుగులోకి తెచ్చినవారు గిడుగు రామమూర్తి పంతులుగారు. వ్యావహారిక భాష కోసం, సవరల భాష కోసం పాటుపడిన ఆ మహనీయుని కృషిలో ఇదొకటి అని మన పిల్లలకు ఎవరూ చెప్పరు. గంజాంలో జౌగడ వద్ద, భువనేశ్వరం వద్ద ధౌలిలో అశోకుని కళింగ శాసనాలు. తరువాత మొఘల్‌మారి. చివర తామ్రలిప్తి. అక్కడి నుండి సముద్రం.

తామ్రలిప్తి అంటే నేటి తమ్లుక్. ఖరగ్‌పూర్ నుండి పాంశకుడా మీదుగా తూర్పుకు పోవాలి. అశోకుడు బోధివృక్షపు కొమ్మను సింహళానికి సాగనంపిన రేవు ఇదేనని మహావంసం చెబుతుంది. 5వ శతాబ్దారంభంలో ఫాహియాన్ ఇక్కడ రెండేళ్లు ఉండి సూత్రాలకు ప్రతులు వ్రాసుకొని, ప్రతిమల చిత్రాలు గీసుకొని, ఓడలో సింహళం వెళ్లాడు. ఇరవైకి పైగా సంఘారామాలున్నవని ఆయన లెక్క. 7వ శతాబ్దంలో హుయాన్‌త్సాంగ్ వచ్చేసరికి అవి సుమారు పది, భిక్షువులు వేయిమంది. ఇత్సింగ్ 673లో ఇక్కడే దిగి, ఇక్కడే సంస్కృతం అభ్యసించి, తరువాత నలందకు వెళ్లాడు. నేడు తమ్లుక్‌లో బర్గభీమా ఆలయం విహారపు శిథిలాల మీద ఉన్నదని అంటారు. తవ్వి చూడని నేల గురించి నేను ఏమీ అనను.

ఇత్సింగ్ వ్రాతలో ఒక చిన్న దృశ్యం ఉన్నది. మన వంటివారు దానిని తప్పక గుర్తుంచుకోవాలి. తామ్రలిప్తికి వచ్చిన కొత్తలో, విహారం వెలుపలి చదునులో కౌలు రైతులు కూరగాయలు మూడు పాళ్లు వేయడం ఆయన చూశాడు. ఒక పాలు భిక్షువులకు సమర్పించి, మిగిలిన రెండు వారు తీసుకొని వెళ్లిపోయారు. ఇదేమిటని అడిగితే, దున్నితే పురుగులు చస్తాయి గనుక భిక్షువులు స్వయంగా సేద్యం చేయరని, భూమి కౌలుకిస్తారని తెలిసినది. అక్కడే ప్రతి ఉదయం బావి నీటిలో పురుగులున్నవేమో పరీక్షించి వడగట్టేవారట. పురుగు ప్రాణానికి ఇచ్చిన ఆ గౌరవం గొప్పది. అయితే పురుగు చచ్చే పాపాన్ని తమ తలపై వేసుకొని నాగలి పట్టిన ఆ కౌలు రైతులెవరు? విహారంలో వారికి ఏ వరుసలో చోటుండేది? ఇత్సింగ్ చెప్పలేదు. విహారాల పేర్లు ముద్రికల మీద మిగిలినవి, మూడో పాలు మోసుకొచ్చిన చేతుల పేర్లు మిగలలేదు. గ్యాంగు కూలీల మనుమలమైన మనం ప్రాచీన బౌద్ధాన్ని స్మరించేటప్పుడు ఆ చదునులో నిలబడి కూడా చూడాలి. బాబాసాహెబ్ మనకిచ్చిన ధమ్మంలో కాషాయానికీ నాగలికీ నడుమ ఆ ఎడం లేకుండా చేయాలన్న తపన కనబడుతుంది. అందుకే ఆయన దీక్షాసభలో లక్షలాది గృహస్థులకు నేరుగా ప్రతిజ్ఞలు ఇప్పించారు.

ఆ దీక్ష 1956 అక్టోబరు 14న నాగపూరులో జరిగినది. మన కంపెనీ పేరులోని రెండవ ఊరు అదే. బెంగాల్ నాగపూర్ రైల్వే అని ఇనుప స్తంభాల మీద పోత పోసిన అక్షరాలను మన పెద్దలు రోజూ చూశారు. ఆ లైనుకు ఒక కొన దీక్షాభూమి కాగలదని ఎవరూ ఊహించి ఉండరు. బెంగాలుతో కూడా బాబాసాహెబ్‌కు రుణానుబంధం ఉన్నది. 1946లో ఆయన రాజ్యాంగ సభకు ఎన్నికైనది జోగేంద్రనాథ్ మండల్ ప్రభృతుల తోడ్పాటుతో బెంగాలు నుండే. నాడు ఇక్కడివారు ఆయనను గెలిపించకపోతే రాజ్యాంగ రచనలో ఆయన పాత్ర ఎలా ఉండేదో చెప్పలేము.

చరిత్ర ఇంత ఉన్నా, నేటి చట్టం ముందు మన స్థితి చిక్కుగానే ఉన్నది. 1990లో పార్లమెంటు షెడ్యూల్డు కులాల ఉత్తరువును సవరించి, బౌద్ధం స్వీకరించినవారికి కూడా ఆ హోదా వర్తించేటట్లు చేసినది. అదే సంవత్సరం మర్రి చంద్రశేఖరరావు కేసులో సుప్రీంకోర్టు, ఒక రాష్ట్రంలో షెడ్యూల్డు కులంగా ఉన్నవారు మరొక రాష్ట్రానికి వలస వెళ్లినప్పుడు ఆ హోదా వెంట రాదని తీర్పు చెప్పినది. మతం మారినా కులం హోదా పోదు, ఊరు మారితే పోతుంది. మూడు తరాలు ఇక్కడ పుట్టి పెరిగినవారు కూడా ధ్రువపత్రం కోసం తాత పుట్టిన గ్రామం కాగితాలు వెదకవలసి రావడం మన వీధులలో తెలియనిదేమీ కాదు. 2020 డిసెంబరులో పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం తెలుగుకు అధికార భాషా హోదా ఇచ్చినది. భాషకు గుర్తింపు దక్కినది. మనిషికి దక్కవలసినది ఇంకా మిగిలే ఉన్నది. "మీరు ఎక్కడివారు?" అన్న ప్రశ్న కార్యాలయంలో అడిగినా, బంధువుల ఇంట అడిగినా ఒకటే. అందుకే మొఘల్‌మారి గురించి తప్పు చెప్పకుండా చెప్పడం మనకు అవసరం. తప్పుడు గొప్పతో వెళితే, ఉన్న నిజం కూడా కొట్టివేయబడుతుంది.

ఈ సంచిక వెలువడిన తరువాత వచ్చే శీతకాలంలోనైనా ఉపాసకులు కుటుంబాలతో మొఘల్‌మారి చూసి రావాలని నా కోరిక. ఖరగ్‌పూర్ నుండి దక్షిణానికి పోయే ప్యాసింజరు బండి ఎక్కి నేకుర్‌సేనిలో దిగవచ్చును. దంతన్ వరకు పోతే శరశంక చెరువు కూడా చూడవచ్చును. పిల్లలను వెంట తీసుకువెళ్లండి. ఊరిలోని యువకులు తవ్వకాల సంగతులు బంగ్లాలో వివరిస్తారు, మన పిల్లలకు తెలుగు కంటె ఆ భాషే బాగా తెలుసు. వారు విని మనకు తెలుగులో చెబుతారు. దిబ్బ మీద నీడ తక్కువ. తాగునీరు ఇంటి నుండే తీసుకువెళ్లడం మంచిది.